డాక్టర్ సలహా: కుక్క నాకితే పుండు మానుతుందా?

ప్రశ్న: మేం బెంగళూరు మారతహళ్లిలో ఉంటున్నాం. మదనపల్లె దగ్గరి ఊరి నుంచి వచ్చిన మా మామగారికి 68 ఏళ్లు, పదిహేనేళ్లుగా షుగర్ ఉంది. కొత్త చెప్పు ఒరుసుకుని బొటనవేలి కింద పుండు పడింది. నాలుగు రోజులుగా మా పెంపుడు కుక్క దాన్ని నాకుతోంది. వద్దంటే, కుక్క తన పుండు తాను నాక్కునే మాన్పుకుంటుంది కదా అంటున్నారు. కుక్కకు టీకా వేయించి ఏడాదిన్నర దాటింది. ఏం చేయమంటారు? – ఒక పాఠకురాలు

సమాధానం: ముందుగా కుక్కను ఆయన కాలి దగ్గరకు రానివ్వకండి. పుండును ధారగా పడే నీటి కింద సబ్బుతో పదిహేను నిమిషాలు కడిగి, సూక్ష్మజీవులను చంపే పావిడోన్ అయోడిన్ మందు రాసి, ఈ రోజే ఆసుపత్రికి తీసుకెళ్లండి. పసుపు, సున్నం, కాఫీపొడి వంటివేవీ పెట్టవద్దు.

మీ మామగారి నమ్మకం ఉత్తదేమీ కాదు. ప్రాచీన గ్రీసులో ఎపిడారస్ అనే చోట ఉన్న వైద్యదేవుడి ఆలయానికి వచ్చే రోగుల పుండ్లను అక్కడి కుక్కలు నాకితే మానుతాయని నమ్మేవారు. కుక్క లాలాజలంలో సూక్ష్మజీవులను దెబ్బతీసే లైసోజైమ్ వంటి పదార్థాలు ఉన్న మాటా నిజమే. అయితే 1990లో వెలువడిన ఒక ప్రయోగశాల పరిశీలనలో ఆ లాలాజలం ఈ.కోలై, స్ట్రెప్టోకాకస్ కానిస్ అనే రెండు రకాల బ్యాక్టీరియాను చంపగలిగింది గానీ, స్టెఫైలోకాకస్, సూడోమోనాస్‌ల మీద చెప్పుకోదగ్గ ప్రభావం చూపలేదు. షుగర్ ఉన్నవారి కాలి పుండ్లను ముదిరేలా చేసే వాటిలో స్టెఫైలోకాకస్‌దే పెద్ద పాత్ర. ఇక కుక్క సంగతికి వస్తే, నాలుక అందని నడినెత్తి మీది గాయం కూడా దానికి మానుతుంది. ఆపరేషన్ చేసిన పశువైద్యుడు కుట్లు నాక్కోకుండా దాని మెడకు గరాటు లాంటి పట్టీ తగిలించి మరీ పంపుతాడు.

నన్ను ఎక్కువగా కలవరపెడుతున్నది ఆయన పాదం. ఏళ్ల తరబడి షుగర్ ఉంటే నరాలు దెబ్బతిని అరికాలిలో స్పర్శ తగ్గుతుంది కాబట్టి, కుక్క నాకుతూ నాకుతూ పంటితో కాస్త గీరినా ఆయనకు తెలియకపోవచ్చు. రక్తప్రసరణ కూడా మందగించి ఉంటే, కుక్క నోటిలో మామూలుగానే ఉండే పాస్చురెల్లా, కాప్నోసైటోఫాగా వంటి బ్యాక్టీరియా లోపలికి చేరినప్పుడు ఎదుర్కొనే శక్తి ఆ పాదానికి తక్కువ. కాప్నోసైటోఫాగా అరుదుగానే జబ్బు చేస్తుంది గానీ, ప్లీహం (స్ప్లీన్) తొలగించినవారిలో, మద్యం ఎక్కువగా తాగేవారిలో, రోగనిరోధక శక్తి తగ్గినవారిలో రక్తానికి పాకి ప్రాణాంతకం కాగలదు. ఆయనకు ఇలాంటివేవైనా ఉంటే మొహమాటపడకుండా డాక్టర్‌కు చెప్పండి. చలిజ్వరం, పుండు చుట్టూ పాకుతున్న ఎరుపు, దుర్వాసన, వేలు నల్లబడడం కనిపిస్తే అది రాత్రయినా సరే, తెల్లవారేదాకా ఆగవద్దు.

రెండోది రేబిస్. చెక్కుచెదరని చర్మాన్ని కుక్క నాకితే టీకా అక్కర్లేదు. తెగిన చర్మాన్ని, పుండును నాకితే మాత్రం ప్రపంచ ఆరోగ్య సంస్థ దాన్ని మూడో శ్రేణిలో, అంటే రక్తం వచ్చేలా కరిచినదానితో సమానంగా లెక్కిస్తుంది. జబ్బు లక్షణాలు బయటపడకముందే కుక్క లాలాజలంలో వైరస్ ఉండవచ్చు కనుక, అది హుషారుగా ఉందని ఊరుకోకూడదు. పైగా మీ కుక్క టీకా గడువూ దాటింది. కాబట్టి మీ మామగారికి టీకా మొదలుపెట్టించి, అవసరాన్ని బట్టి పుండు అంచుల్లో ఇమ్యునోగ్లోబ్యులిన్ (వైరస్‌ను వెంటనే అడ్డుకునే ప్రతిరక్షకాల ఇంజెక్షన్) ఇప్పించాలి. నాలుగు రోజులు గడిచాయని దాన్ని మానవద్దు. చివరిసారి నాకిన రోజు నుంచి పది రోజులు కుక్కను గమనించండి. అది ఆరోగ్యంగా ఉంటే మిగతా డోసులు ఎలా కొనసాగించాలో డాక్టర్ నిర్ణయిస్తారు. ప్రభుత్వాసుపత్రుల్లో ఈ టీకా ఉచితంగా దొరుకుతుంది.

టీకాతో పని అయిపోయిందనుకుని ఇంటికి వచ్చేయకండి. పాదంలో నాడి, స్పర్శ, పుండు లోతు చూపించండి, ఎముక దాకా వెళ్లిందనే అనుమానం ఉంటే ఎక్స్‌రే తీస్తారు. గత రెండు మూడు నెలల సగటు షుగర్‌ను తెలిపే హెచ్‌బీఏ1సీ పరీక్ష కూడా చేయించండి. పుండు మానేదాకా బరువు ఆ వేలి మీద పడకుండా చూడాలి. ఆ కొత్త చెప్పులను ఆయన మళ్లీ తొడుక్కోకూడదు.