అడగండి, చెబుతాం: జపాన్ కొండ పల్లెలకు ఒక్కరోజు ప్రయాణం

(షిరకవాగో, గోకయామా ఊళ్ల గురించి శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల పాఠకులు పంపిన ప్రశ్నల్లో కొన్ని, వాటికి జవాబులు.)

ప్రశ్న: మా అబ్బాయి నగోయాలో ఉద్యోగం చేస్తున్నాడు. అక్టోబరులో మేం ఆరుగురం వెళ్తున్నాం. గడ్డికప్పుల ఇళ్లున్న షిరకవాగో చూడాలని ఉంది. బస్సు చాలంటాడు మా వాడు. గైడుతో ప్రైవేటు బండి మాట్లాడుకోమంటున్నారు మరికొందరు. ఏది మేలు? – నరసన్నపేట పాఠకుడు

జవాబు: ఒక్క షిరకవాగో చూసి వెనక్కి వచ్చేయడానికైతే మీ అబ్బాయి మాటే నిజమండీ, బస్సు చాలు. టకయామా పట్టణం నుంచి బస్సు 50 నిమిషాల్లో షిరకవాగోలోని ముఖ్యమైన ఊరు ఒగిమచిలో దింపేస్తుంది. మనిషికి ఒకవైపు టికెట్టు సుమారు 2,800 యెన్. ఆరుగురికి రానుపోను 33,600 యెన్. ప్రైవేటు బండి చెప్పే ధరను ముందు ఈ అంకెతో పోల్చుకోండి. ఆ ఒక్క ఊరికోసం బండి పెట్టడం దండగే.

లెక్క మారేది గోకయామా కలిపినప్పుడు. 1995లో యునెస్కో వారసత్వ జాబితాకెక్కినవి మూడు ఊళ్లు. గిఫు ప్రిఫెక్చర్‌లో (ప్రిఫెక్చర్ అంటే అక్కడి పాలనా విభాగం) ఒగిమచి, పక్కనున్న తొయామా ప్రిఫెక్చర్‌లో సుగనుమా, ఐనొకురా. ఈ చివరి రెండూ ఉన్న ప్రాంతమే గోకయామా. ఒగిమచిలో అలాంటి ఇళ్లు 59, ఐనొకురాలో 20, సుగనుమాలో తొమ్మిదంటే తొమ్మిది. జనమంతా ఒగిమచిలోనే దిగిపోతారు. మిగతా రెండూ నెమ్మదిగా, పల్లెల్లాగే ఉంటాయి. కానీ వాటి మీదుగా బస్సులు తక్కువ. ఒకటి తప్పితే రోజులో సగం పోయినట్టే. మీరు డబ్బు పెట్టాల్సింది అక్కడ.

ఒక్క హెచ్చరిక. నగోయా నుంచి ఒకే రోజులో వెళ్లి రావద్దు. వెళ్లడానికి రెండున్నర నుంచి మూడు గంటలు, రావడానికీ అంతే. బండిని పది గంటలకు మాట్లాడుకుంటే అందులో సగమో, అంతకు మించో కారు కిటికీలోంచి చూడటానికే పోతుంది. ముందురోజు రైల్లో టకయామా చేరి అక్కడ పడుకోండి. పొద్దున్న ఎనిమిదికి సామాన్లతో సహా బండెక్కితే తొమ్మిదికల్లా ఒగిమచిలో ఉంటారు. దారిలో 2008లో తెరిచిన హిదా సొరంగం వస్తుంది, దాదాపు 10.7 కిలోమీటర్లు. టూరిస్టు బస్సులు పదిన్నర తర్వాత వరసగా దిగుతాయి కాబట్టి కొండమీది వ్యూ పాయింటు ముందు, ఊళ్లో నడక తర్వాత పెట్టుకోండి. మధ్యాహ్నం సుగనుమా, ఆపైన ఐనొకురా చూసుకుని సాయంత్రానికి కనజావా నగరంలో దిగిపోండి. వచ్చిన దారిన వెనక్కి వెళ్లనక్కర్లేదు, పెట్టెలు మోయనక్కర్లేదు. బస్సులో ఈ సుఖం దొరకదు. అయితే ఇలా ఒకవైపు ప్రయాణానికి బండి ఖాళీగా వెనక్కి వెళ్లే ఖర్చు కూడా వేస్తారు. అది ధరలో కలిసే ఉందా అని ముందే అడగండి.

అక్టోబరు మధ్యలో ఊరి గుళ్లలో దొబురొకు పండగ జరుగుతుంది. మడ్డి తేరని, తెల్లటి బియ్యపు మద్యం పోస్తారు. ఆ రోజుల్లో రద్దీ ఉంటుంది. ఆకులు ఎర్రబారేది నెలాఖరు నుంచి నవంబరు మొదటి వారం దాకా. సెలవు కుదిరితే అప్పుడు వెళ్లండి.

ప్రశ్న: అక్కడ ఉండే మనవాళ్లలో ఒకరు తన సొంత కారులో తిప్పి చూపిస్తానంటున్నారు, ఏజెంటు చెప్పిన దాంట్లో సగానికే. ఒప్పుకోవచ్చా? – బొబ్బిలి పాఠకురాలు

జవాబు: వద్దమ్మా. స్నేహం కొద్దీ తీసుకెళ్తే ఎవరూ కాదనరు. అనుమతి లేకుండా డబ్బు తీసుకుని సొంత కారులో మనుషుల్ని తిప్పడం జపాన్‌లో చట్టవిరుద్ధం. ‘షిరొతకు’ అంటారు, అంటే తెల్ల టాక్సీ. ప్రమాదం జరిగితే బీమా పరిహారం దగ్గర చిక్కుపడేది మీరే.

గుర్తు పట్టడం తేలిక. బాడుగకు అనుమతి ఉన్న బండికి ఆకుపచ్చ పలక మీద తెల్ల అక్షరాలు ఉంటాయి. సొంత కారుకు తెల్ల పలక మీద ఆకుపచ్చ అక్షరాలు. చాలామంది ఇక్కడే తికమకపడతారు. చూడాల్సింది అక్షరాల రంగు కాదు, పలక రంగు. బుకింగు ఖాయం చేసే ముందే నంబరు పలక కనపడే ఫోటో పంపమనండి. నిజంగా అనుమతి ఉన్నవాళ్లు వెనకాడరు.

గైడు సంగతి వేరు. 2018 జనవరి నుంచి లైసెన్సు లేనివాళ్లు కూడా డబ్బు తీసుకుని గైడుగా పనిచేయవచ్చు. ప్రభుత్వ పరీక్ష పాసైనవాళ్లకు మాత్రమే ‘జాతీయ లైసెన్సు పొందిన గైడు’ అనే బిరుదు. లైసెన్సు లేనంత మాత్రాన మోసగాడని కాదు. కానీ ఆ బిరుదు చెప్పుకుంటే కార్డు చూపించమనండి. డ్రైవరు, గైడు ఇద్దరు వేరువేరు మనుషులుగా రావడమే మామూలు. ధర ఎక్కువగా కనపడటానికి అదొక కారణం. సీట్ల లెక్క తప్పేదీ అందుకే. ఏడు సీట్ల వ్యానులో వాళ్లిద్దరూ పోగా మీకు మిగిలేది ఐదు, పెట్టెలు వేస్తే నాలుగు. ఆరుగురైతే పది సీట్ల బండి అడగాలి.

ధర చెప్పగానే ఇవి అడగండి. గంటలు హోటల్ దగ్గర మొదలవుతాయా, షెడ్డు దగ్గరా? గంట దాటితే అదనం ఎంత? టోలు, పార్కింగు, గైడు భోజనం, గైడుకు ఇళ్ల ప్రవేశ రుసుం ఎవరివి? మంచు పడి రోడ్డు మూస్తే డబ్బు వెనక్కి వస్తుందా? నోటిమాటగా కాదు, ఈమెయిలులో రాయించుకోండి. పిల్లలుంటే మరో ప్రశ్న: ఆరేళ్లలోపు వాళ్లకు కారులో చైల్డ్ సీటు తప్పనిసరి. టాక్సీలకు మినహాయింపు ఉన్నా పిల్లల వయసు చెప్పి సీటు పెట్టించుకోవడమే మంచిది.

ప్రశ్న: మేం పూర్తి శాకాహారులం, చేప కూడా ముట్టం. అక్కడ ఏం తినాలి? – చీపురుపల్లి పాఠకురాలు

జవాబు: మాంసాన్ని దాటుకోవడం తేలికే. కష్టమంతా ‘దషి’తో. ఎండబెట్టిన చేపను తురిమి కాచిన నీళ్లవి. మిసో (పులియబెట్టిన సోయా ముద్ద) సూపులో, సోబా (ఒక రకం నూడుల్స్) పులుసులో, ఉడికించిన కూరల్లో కంటికి కనపడకుండా ఉంటుంది. ‘శాకాహారి’ అంటే మాంసం ముక్కలు తీసేసి అదే పులుసు పోస్తారు, వాళ్ల దృష్టిలో అది చేప కూర కాదు మరి. అందుకే మాట విడదీసి చెప్పాలి: “నికు మో, సకానా మో, కత్సువొ దషి మో తబెరారెమాసెన్.” మాంసం, చేప, చేప దషి ఏవీ తినలేం అని దీని అర్థం. ఇంకా మంచిది, మూడు రోజుల ముందే గైడు చేత హోటలుకు ఫోను చేయించడం. ఊళ్లో చిన్న హోటళ్లే ఎక్కువ, అప్పటికప్పుడు వేరే పులుసు కాచి ఇవ్వలేరు.

నిశ్చింతగా అడగదగ్గవి కొన్ని ఉన్నాయి. గోకయామా తోఫు తాడు కట్టి మోసుకెళ్లేంత గట్టిది. మన పనీరు ముక్కలా కొరుక్కుని తినొచ్చు. కానీ పైన చేప తురుము చల్లి ఇస్తారు, చల్లొద్దని చెప్పాలి. ‘హోబా మిసో’ అంటే మగ్నోలియా ఆకుమీద మిసో, పుట్టగొడుగులు వేసి కుంపటిమీద వేడి చేసేది. మనం అడ్డాకులో తిన్నట్టే ఆకు వాసన దానికి పడుతుంది. గొడ్డుమాంసం వేసే రకమూ ఉంది, అడిగి తీసుకోండి. ‘గొహెయ్ మొచి’ అన్నాన్ని మెదిపి పుల్లకు గుచ్చి, సాసు పూసి కాల్చేది. సాసులో ఏముందో అడిగితే చాలు. వీధి దుకాణాల్లో కమ్మగా వాసనొచ్చే బన్నులు, కట్లెట్ల లాంటివి చాలావరకు హిదా గొడ్డుమాంసంవే. పిల్లలు చూసి అడిగే లోపే గైడును అడగండి.

పులిహోర కట్టుకెళ్తామంటే తప్పులేదు. హోటల్లో కూర్చుని విప్పొద్దు, డ్రైవర్ని అడిగి కారులోనే కానివ్వండి. చెత్తబుట్టలు దాదాపు కనపడవు కాబట్టి ఖాళీ సంచి ఒకటి దగ్గరుంచుకోండి. ఇంటినుంచి చికెన్, మటన్ పచ్చళ్లు మాత్రం పెట్టెలో పెట్టొద్దు. మాంసంతో చేసినవి జపాన్‌లోకి తీసుకెళ్లడం నేరం.

ప్రశ్న: అమ్మకు డెబ్బై దాటాయి, మోకాళ్ల నొప్పులు. మంచులో చూడాలని ఆవిడ కోరిక. – టెక్కలి పాఠకుడు

జవాబు: మంచులో వద్దండీ. జనవరి, ఫిబ్రవరిలో మనిషెత్తు పేరుకుంటుంది, తొక్కిన దారి అద్దంలా జారుతుంది. ఆ నెలల్లో ఇళ్లకు దీపాలు వేసే సాయంత్రాలు కొన్నే. ముందుగా రిజర్వేషన్ లేనిదే రానివ్వరు. మే చివర్లో, నాట్లు వేసిన మళ్లలో ఇళ్ల నీడలు పడే వేళ తీసుకెళ్లండి. సుగనుమాలో పార్కింగు నుంచి ఊళ్లోకి లిఫ్టు, సొరంగం ఉన్నాయి. ముందు అదే పెట్టుకోండి. ఒగిమచిలో కొండమీది వ్యూ పాయింటుకు కారో షటిల్ బస్సో ఎక్కించండి. ఇళ్ల లోపల మేడమెట్లు నిచ్చెనల్లా నిటారుగా ఉంటాయి. ఆవిడను కింద పొయ్యి దగ్గరే కూర్చోబెట్టండి. చెప్పులు విప్పాలి కనుక లేసుల బూట్లు వద్దు.

ప్రశ్న: మన తీరంలో తాటాకు చుట్టిళ్లు వేసవిలో అంటుకుని బుగ్గయిపోయేవి. అక్కడి గడ్డి కప్పులు అన్నేళ్లెలా నిలిచాయి? – శృంగవరపుకోట పాఠకుడు

జవాబు: కప్పు వాలు దాదాపు 60 డిగ్రీలు. నమస్కారం పెట్టిన చేతుల్లా ఉంటుంది, ‘గస్షో’ అనే పేరు దానికే. తుపాను గాలికి మన చుట్టిల్లు గుండ్రంగా కట్టినట్టే మంచు బరువుకు ఇది నిటారు. కప్పులో మేకులుండవు, తాళ్లతో కట్టిందే. గాలీ మంచూ తోసినప్పుడు కొంచెం ఊగి సర్దుకుంటుంది. కింద నడిమధ్య పొయ్యి ఎప్పుడూ రగులుతూ ఉండేది. మన అటకమీద విత్తనాలకు పొగ పట్టినట్టే గడ్డికీ తాళ్లకీ మసి పట్టి, పురుగు చేరక, తడి నిలవక 30–40 ఏళ్లు వచ్చేది. ఆ అటకల్లోనే పట్టుపురుగుల్ని పెంచేవారు. గోకయామాలో నేలకింద గోతుల్లో మట్టి, మాచిపత్రి జాతి ఆకులు, పట్టుపురుగుల పెంట పొరలుగా వేసి ఏళ్లతరబడి మాగబెట్టి సూరేకారం తీసేవారు. తుపాకిమందు కోసం అది ‘కగా’ అనే సంస్థానానికి వెళ్లేది. గైడును తప్పకుండా అడగాల్సింది ఈ సంగతే. అడగకపోతే ఫోటోలతో సరిపెట్టేస్తారు.

కప్పు మార్చేది ఊరంతా కలిసి. ఉభాలప్పుడు ఒకరి పొలానికొకరు బదులు వెళ్లినట్టు, దాన్ని ‘యుయి’ అంటారు. నిప్పు భయం ఇప్పటికీ ఉంది. శరదృతువులో నీటి ఫిరంగులన్నిటితో ఒకేసారి నీళ్లు చిమ్మి సాధన చేస్తారు. ఊళ్లో నడుస్తూ సిగరెట్టు కాల్చకూడదు, డ్రోను ఎగరేయకూడదు. ఆ ఇళ్లలో చాలావాటిలో జనం కాపురం ఉంటున్నారు. టికెట్టు పెట్టి చూడమన్న వాడా ఇల్లు, కాందా ఇల్లు వంటివి కాక మిగతా గుమ్మాల్లోకి తొంగిచూడొద్దు.

ప్రశ్న: గైడుకు టిప్పు ఎంతివ్వాలి? – పలాస పాఠకుడు

జవాబు: ఇవ్వక్కర్లేదు. అక్కడ ఆ అలవాటు లేదు, బలవంతంగా చేతిలో పెడితే ఇబ్బంది పడతారు. మీ ఊళ్లోనే ఉంది కదండీ ఉపాయం. వేయించి, సీలు చేసిన జీడిపప్పు పావుకిలో పొట్లాలు రెండు, ఒకటి గైడుకు, ఒకటి డ్రైవరుకు. రెండు చేతులతో ఇవ్వండి. బండి దిగాక కాదు, మధ్యాహ్నం భోజనం దగ్గరే ఇచ్చేస్తే సాయంత్రం హడావిడిలో మర్చిపోరు.