చెరువుకట్ట మీది చింతమాను, దాని మొదట్లో బొమ్మరాయి

ప్రశ్న: మా ఊరి చెరువుకట్ట చివర ఒక పాత చింతమాను, దాని మొదట్లో సగం పూడిపోయిన బొమ్మరాయి ఉన్నాయి. చీకటి పడితే అక్కడ కత్తి పట్టిన మనిషి తిరుగుతాడని, పిల్లలు అటు పోరాదని పెద్దలు అంటారు. చింతచెట్టు రాత్రిళ్లు విషవాయువు వదలడం వల్లనే అలా భ్రమ కలుగుతుందని మా మాస్టారు చెప్పారు. నలుగురు మిత్రులం ఈఎంఎఫ్ మీటరు, కెమెరా తీసుకుని ఒక రాత్రి అక్కడ ఉండాలనుకుంటున్నాము. ఎలా పరిశోధించాలి?
– ఒక పాఠకుడు, పలమనేరు

జవాబు: మీ ఉత్తరంలో అన్నిటికంటే విలువైన మాట ఆ బొమ్మరాయి గురించి రాసినదే. పుంగనూరు, మదనపల్లె ప్రాంతాల్లో బాణ, వైదుంబ, నొలంబ రాజుల కాలపు, అంటే సుమారు 9, 10 శతాబ్దాల నాటి వీరగల్లులు (వీరుల గుర్తుగా బొమ్మ చెక్కి నిలిపిన రాళ్లు) ఎన్నో దొరికాయి. ఊరి పశువులను తోలుకుపోయే దొంగలకు అడ్డుపడో, రాజు తరఫున పోరాడో ప్రాణం విడిచినవారికి వాటిని నిలబెట్టేవారు. చాలా రాళ్ల మీద వీరుడి చేతిలో కత్తి ఉంటుంది. కొన్ని రాళ్ల పైభాగాన అతణ్ణి స్వర్గానికి తీసుకుపోయే అప్సరసలు కూడా ఉంటారు. శాసనం చదవగలిగినవారు కరువై, పేరు మరుగున పడి, కత్తి పట్టిన మనిషి ఒక్కడే ఊరి నోట మిగిలి ఉండవచ్చు. చూడకుండా మీ రాయి అటువంటిదేనని తేల్చలేము గాని, కథా రాయీ ఇంతగా కలుస్తున్నప్పుడు మొదట పట్టుకోవలసిన దారి అదే.

కాబట్టి పగలే వెళ్లండి. పొద్దు వాలి ఎండ ఏటవాలుగా పడే వేళ అరిగిపోయిన గీతలూ అక్షరాలూ నీడలతో పైకి తేలుతాయి. అప్పుడు ఫోటోలు తీయండి. రాతికి సుద్ద గాని, నూనె గాని పూయవద్దు, మట్టి తవ్వవద్దు. తర్వాత పెద్దలను విడివిడిగా కలిసి, దెయ్యం ఉందా అని కాక, అక్కడ ఎవరు చనిపోయారు, ఆ చోట పొంగలి పెట్టేది ఏ ఇంటివాళ్లు అని అడగండి. కళ్లారా చూశామన్నవారి మాటను, విన్నామన్నవారి మాటను వేర్వేరుగా రాసుకోండి. తిరుపతి తాతయ్యగుంట గంగమ్మ జాతర వేషాల వెనుక ఆడవాళ్లను వేధించిన పాలెగాడి కథ నేటికీ నిలిచి ఉంది. భయంతో పుట్టిన కథల్లో ఊరు దేనికి భయపడిందో తెలియవచ్చు.

విషవాయువు మాట మాత్రం నిజం కాదు. రాత్రివేళ ఏ చెట్టయినా వదిలే బొగ్గుపులుసు వాయువు కొద్దిపాటిదే. ఆరుబయట అది గాలిలో కలిసిపోతుంది. ఇక ఈఎంఎఫ్ మీటరు కరెంటు తీగలు, మోటార్ల చుట్టూ ఉండే విద్యుదయస్కాంత క్షేత్రాన్ని కొలిచే పరికరం. దగ్గరలో పంపుసెట్టు ఆడుతుంటే ముల్లు కదులుతుంది, దానితో దెయ్యం సంగతి ఏమీ తేలదు.

రాత్రి కాపలా మానుకోమనడానికి పాములతో పాటు మరో కారణమూ ఉంది. గుప్తనిధుల కోసం ఇటువంటి రాళ్లను పెకలించేవారు మన జిల్లాలో తక్కువేమీ కాదు, చీకట్లో టార్చిలైట్లు కనబడితే ఊరు మిమ్మల్నీ వారిలోనే లెక్కిస్తుంది. అక్కడ పూజ చేసేవారి అనుమతి తీసుకుని, ఫోటోలను, రాసుకున్న కథలను తిరుపతి శ్రీ వేంకటేశ్వర విశ్వవిద్యాలయంలోని ప్రాచీన చరిత్ర, పురావస్తు విభాగానికి చూపించండి. అక్షరాలు ఉంటే చదివి చెప్పగలవారు అక్కడ దొరుకుతారు.