క్లోమం అనే మాట గురించి ఒక యువ రచయితకు

చిరంజీవికి ఆశీస్సులు.

నువ్వు పంపిన కథను రెండుసార్లు చదివాను. మొదటిసారి కథ కోసం, రెండోసారి అందులోని ఒక్క మాట కోసం. మూడో పుటలో, తండ్రిని ఆసుపత్రిలో చేర్చారన్న కబురు కొడుకుకు అందిన చోట, "ఆ మాట వినగానే అతని క్లోమంలో బాధ సుడులు తిరిగింది" అని రాశావు. ఏడో పుటకు వచ్చేసరికి, తండ్రికి వచ్చిన జబ్బు నిజంగా క్లోమానిదేనని, అంటే పాంక్రియాస్‌దేనని వైద్యుడు చెబుతాడు. అంటే ఒకే మాటను ఒకచోట దుఃఖానికి అలంకారంగా, మరోచోట ప్రాణం మీదికి వచ్చిన రోగానికి పేరుగా వాడావు. మొదటి వాడుక రెండోదాని బలాన్ని తినేసింది. కథలో మిగిలినవన్నీ నీ చేతనే చక్కబడతాయన్న నమ్మకం నాకుంది కనుక, ఈ ఉత్తరాన్ని ఆ ఒక్క మాటకే కేటాయిస్తున్నాను.

నువ్వు ఆ మాటను ఎందుకు ఎంచుకున్నావో ఊహించగలను. గుండె చెరువైంది, కడుపు తరుక్కుపోయింది, పేగు కదిలింది అన్నవి వేలసార్లు విన్నవే కాబట్టి, ఎవరూ ముట్టని అవయవం ఒకటి దొరికితే వాక్యం కొత్తగా ఉంటుందని అనుకున్నావు. అయితే ఆ పలుకుబళ్ళు ఎలా పుట్టాయో ఒక్కసారి ఆలోచించు. గుండె కొట్టుకోవడం అరచేతికి తెలుస్తుంది, కడుపు ఆకలైనప్పుడల్లా తన ఉనికిని చెబుతుంది, బొడ్డుపేగును కోసి తల్లినీ బిడ్డనూ వేరు చేయడం మంత్రసాని కళ్ళారా చూసింది. ఊపిరితిత్తి అన్న పేరులోనే ఊపిరి పోసుకునే తోలుతిత్తి కనబడుతుంది. జనం చేతికీ కంటికీ అందిన అవయవాలకు జనమే పేర్లు పెట్టుకున్నారు, ఆ పేర్ల మీదనే దుఃఖాన్నీ ప్రేమనూ మోపారు. క్లోమానికి అలాంటి ఇంటిపేరు లేదు. ఆ మాట మనకు సంస్కృతం నుంచి పాఠ్యపుస్తకం మీదుగా వచ్చింది. దాని వెనుక ఏ తల్లి శోకమూ, ఏ సామెతా లేవు. అందుకని దానిలో బాధ సుడులు తిరిగిందంటే పాఠకుడికి ఒంట్లో ఏదీ కదలదు. ఆ క్లోమం ఎక్కడుంటుందా అని ఒక్క క్షణం వెతుక్కుంటాడు, ఆ క్షణంలో నీ పాత్ర అతని చేయి జారిపోతుంది.

ఎక్కడుంటుందో నువ్వు కూడా వెతుక్కుని ఉండాలి. రొమ్ముటెముక కింది కొసకూ బొడ్డుకూ సరిగ్గా మధ్యలో అరచేతిని అడ్డంగా ఆనించు. నీ చేతి కింద ముందుగా చర్మం, కండ, దాని వెనుక జీర్ణాశయం, ఆ జీర్ణాశయం వెనుక, వెన్నెముకకు ముందు, అడ్డంగా పడుకుని ఉన్నదే క్లోమం. పొడవు సుమారు 15 సెంటీమీటర్లు, బరువు దాదాపు 100 గ్రాములు. కుడివైపున ఉన్న తల భాగం, చిన్నపేగు మొదటి భాగమైన ఆంత్రమూలం చేసిన వంపులో, ఒడిలో పెట్టుకున్నట్టు ఇమిడి ఉంటుంది. సన్నని తోక ఎడమవైపు ప్లీహం దాకా వెళుతుంది. ఇంత లోతున దాగి ఉండడం వల్లనే, కడుపు తడిమి చూసే వైద్యుడి వేళ్ళకు ఆరోగ్యంగా ఉన్న క్లోమం అందదు. జనం దానికి పేరు పెట్టకపోవడానికి కారణం ఇదేనని నా అభిప్రాయం.

అది చేసే పనులు రెండు. జీర్ణరసాన్ని తయారుచేసి నాళం ద్వారా ఆంత్రమూలంలోకి పంపడం మొదటిది. రోజుకు లీటరుకు పైగా ఊరే ఈ క్లోమరసంలో పిండిపదార్థాలను, మాంసకృత్తులను, కొవ్వులను విడగొట్టే ఎంజైములన్నీ ఉంటాయి. ఇన్సులిన్, గ్లూకగాన్ వంటి హార్మోన్లను నేరుగా రక్తంలోకి వదలడం రెండోది. నాళం ఉన్న గ్రంథిగానూ, నాళం లేని వినాళ గ్రంథిగానూ పనిచేస్తుంది కాబట్టి పాఠ్యపుస్తకాలు దీన్ని మిశ్రమ గ్రంథి అన్నాయి. ఈ రెండు పనులూ మనిషికి ఒకేసారి తెలియలేదు. 1642లో పాదువా నగరంలో విర్సుంగ్ అనే శరీరశాస్త్రజ్ఞుడు మనిషి క్లోమంలో నాళాన్ని చూశాడు. 1869లో పాల్ లాంగర్‌హాన్స్ అనే విద్యార్థి తన పరిశోధన వ్యాసంలో, ఈ గ్రంథి నిండా చిన్న చిన్న దీవుల్లా చెదిరి ఉన్న కణాల గుంపులను వర్ణించాడు గాని అవి ఏం చేస్తాయో చెప్పలేకపోయాడు. 1889లో ఫాన్ మేరింగ్, మింకోవ్‌స్కీ అనే వైద్యులు ఒక కుక్కకు క్లోమాన్ని తొలగించి చూస్తే దానికి మధుమేహం వచ్చింది. 1921లో బాంటింగ్, బెస్ట్ అనే పరిశోధకులు క్లోమం నుంచి ఇన్సులిన్ ఉన్న సారాన్ని తీశారు. మరుసటి ఏడాది జనవరిలో అటువంటి సారాన్ని మధుమేహం ఉన్న 14 ఏళ్ల బాలుడికి ఎక్కించారు. లాటిన్‌లో దీవిని ఇన్సులా అంటారు, ఇన్సులిన్ అన్న పేరు ఆ దీవుల నుంచే వచ్చింది. గ్రంథి మొత్తంలో ఆ దీవుల వాటా నూటికి ఒకటి రెండు పాళ్ళే. నీ కథలోని పెద్దాయన ప్రతిరోజూ పొడుచుకునే సూది ఆ ఒకటి రెండు పాళ్ళ పనికి బదులుగా వచ్చినదని తెలిసి రాయడం వేరు, తెలియక రాయడం వేరు.

ఇక మాట సంగతికి వస్తాను, నాకు అన్నిటికన్నా ఇష్టమైన భాగం ఇదే. క్లోమం అంటే పాంక్రియాస్ అని ఇవాళ మనం నిస్సందేహంగా వాడుతున్నాం కాని, ఆ అర్థం మొదటినుంచీ ఆ మాటతో పాటు వచ్చింది కాదు. అథర్వవేదంలో యక్ష్మం అనే క్షయరోగాన్ని ఒక్కొక్క అవయవం నుంచి వెళ్ళగొట్టే సూక్తంలో గుండె తరువాత క్లోమం పేరు వస్తుంది. పాత ఆయుర్వేద గ్రంథమైన సుశ్రుతం, గుండెకు కింద ఎడమవైపున ప్లీహమూ ఫుప్ఫుసమూ (ఊపిరితిత్తి), కుడివైపున యకృత్తూ (కాలేయం) క్లోమమూ ఉంటాయని చెబుతుంది. ఎడమవైపు ఊపిరితిత్తికి జతగా కుడివైపున చెప్పినది కూడా ఊపిరితిత్తే అయి ఉండాలని కొందరు అనుకున్నారు. మోనియర్ విలియమ్స్ సంస్కృత నిఘంటువు ఈ మాటకు కుడి ఊపిరితిత్తి అన్న అర్థం ఇచ్చింది. మరో ఆయుర్వేద గ్రంథమైన చరకం చూస్తే దారి మరోవైపు తిరుగుతుంది. శరీరంలో నీటిని మోసే స్రోతస్సులకు, అంటే దారులకు, తాలువూ (అంగిలి) క్లోమమూ మూలాలనీ, అవి చెడితే నాలుక, తాలువు, పెదవి, కంఠం, క్లోమం ఎండిపోయి దాహం మితిమీరుతుందనీ అక్కడ ఉంది. ఆ వరుసను బట్టి క్లోమాన్ని గొంతు దగ్గర వెతికినవారున్నారు. మధుమేహంలో దాహం పెరుగుతుంది కదా అని, ఆ వాక్యంలోనే పాంక్రియాస్ జాడ చూసినవారూ ఉన్నారు. ఈ చివరి వాదం వినడానికి ఎంతో ముచ్చటగా ఉంటుంది, కాని దాహం ఒక్కదాన్ని పట్టుకుని ఒక అవయవాన్ని గుర్తించడం నాకు సమ్మతం కాదు. అమరకోశం మాత్రం వివాదానికి పోకుండా తిలకం, క్లోమం అని పర్యాయపదాలుగా చెప్పి ముందుకు సాగింది. అన్నట్టు, లోమం అంటే వెంట్రుక. అనులోమం, విలోమం దాని నుంచి వచ్చినవే. క్లోమానికి దానితో చుట్టరికం లేదు, విడగొట్టి అర్థం చెప్పబోకు.

ఇరుగుపొరుగు భాషలు ఈ అవయవానికి వేరే పేర్లు పెట్టుకున్నాయి. హిందీ, బెంగాలీ పుస్తకాల్లో అగ్న్యాశయం, మరాఠీలో స్వాదుపిండం, కన్నడంలో మేదోజీరక గ్రంథి అంటారు. జర్మన్‌లో వాడే మాటను విడదీస్తే పొట్టలోని లాలాజల గ్రంథి అని వస్తుంది, క్లోమరసంలోనూ లాలాజలంలోనూ పిండిని విడగొట్టే అమైలేజ్ ఉంటుంది కాబట్టి ఆ పేరు ఎంతో తూకంగా ఉంది. పాంక్రియాస్ అన్న గ్రీకు మాటకు అంతా మాంసమే అని అర్థం. వీటన్నిటిలోనూ ఆ అవయవం పనో, రూపమో, రుచో పేరులో కనబడుతోంది. మన క్లోమం మాత్రం దేన్నీ బయటపెట్టదు. పాత మాటను తీసుకుని కొత్త అర్థంలో స్థిరపరచుకున్నాం, అంతే. ఆ స్థిరత్వాన్ని కాపాడవలసిన బాధ్యత ఇప్పుడు రాసేవాళ్ళది.

ఆ బాధ్యత ఎటువంటిదో నేను ఒక తప్పు చేసి తెలుసుకున్నాను. నీ వయసులో ఉండగా పిల్లల పత్రిక ఒకదానికి హిందీ నుంచి విజ్ఞాన వ్యాసాన్ని అనువదించాను. హిందీలో క్లోమ్ అంటే చేపల మొప్పలు. మాట తెలిసిందే కదా అని నిఘంటువు తెరవకుండా, చేపలు క్లోమాలతో ఊపిరి పీల్చుకుంటాయని రాశాను. అది అచ్చయింది. ఎనిమిదో తరగతి చదువుతున్న ఒక పాఠకురాలు, క్లోమం జీర్ణగ్రంథి అని మా పాఠంలో ఉంది, చేపలకు వేరేగా ఉంటుందా అని కార్డు రాసింది. ఆ అమ్మాయి తన పాఠాన్ని అనుమానించడానికి కారణం నేను. ఆ కార్డు ఇప్పటికీ నా నిఘంటువులో, కకారం దగ్గర ఉంది.

నీ కథలో ఈ మాట ఎవరి నోట వస్తుందో ఇప్పుడు చూసుకో. రోగి బంధువులతో మాట్లాడే వైద్యుడు పాంక్రియాస్ అంటాడు. జబ్బు పేరు చెప్పవలసి వస్తే పాంక్రియాటైటిస్ అంటాడు. వార్త రాసే విలేకరి క్లోమగ్రంథి అంటాడు. బడిలో చదువుతున్న పిల్లవాడు క్లోమం అంటాడు. నీ కథలోని తల్లి ఈ మూడూ అనదు. వైద్యుడు చెప్పినదంతా విని బయటికి వచ్చి, "కడుపు వెనకాల ఏదో గ్రంథి వాచిందట నాయనా" అంటుంది. ఆ "ఏదో" అన్న మాటలో ఆమె భయమంతా ఉంది, దాన్ని తీసేసి క్లోమం అని దిద్దకు. కథకుడిగా నువ్వు చెప్పే చోట మాత్రం క్లోమం అనే రాయి, మొదటిసారి వచ్చినప్పుడు జీర్ణాశయం వెనుక దాగి ఉన్న గ్రంథి అని వాక్యంలోనే కలిపి చెప్పు. ఒక పుటలో క్లోమమని, మరో పుటలో పాంక్రియాస్ అని, ఇంకోచోట క్లోమగ్రంథి అని నీ సొంత గొంతుతోనే మారుస్తూ పోతే, పాఠకుడు అవి మూడు అవయవాలనుకునే ప్రమాదముంది.

నొప్పి విషయంలోనూ సరిచూడవలసినవి ఉన్నాయి. తండ్రి ఎడమ డొక్క పట్టుకుని మెలికలు తిరిగాడని రాశావు. క్లోమం హఠాత్తుగా వాచినప్పుడు నొప్పి సాధారణంగా పొట్ట పైభాగంలో మొదలై, చాలామందిలో సూటిగా వీపులోకి దూసుకుపోతుంది. వెల్లకిలా పడుకుంటే ఎక్కువవుతుంది, ముందుకు వంగి కూర్చుంటే కాస్త ఉపశమిస్తుంది. ముఖ్యమైన కారణాలు రెండు, పిత్తాశయంలోని రాళ్ళు జారి నాళానికి అడ్డుపడడం, మద్యం. నీ కథలో ఆయన తాగుడు గురించి తల్లి దాచిన సంగతి ఉంది కదా, వైద్యుడు అడిగే మొదటి ప్రశ్న అదే అవుతుంది. ఆ ప్రశ్నకు తల్లి ఏం చెబుతుందన్నది నువ్వు రాయకుండా వదిలేసిన గొప్ప ఘట్టం. మరొకటి, ఆయనకు చాలా ఏళ్లుగా షుగరు ఉందని చెబుతూ "క్లోమం పనిచేయడం ఎప్పుడో మానేసింది" అన్నావు. పెద్దవయసులో ఎక్కువగా వచ్చే రెండో రకం మధుమేహంలో క్లోమం ఇన్సులిన్‌ను తయారుచేస్తూనే ఉంటుంది. శరీరం దానికి సరిగా స్పందించకపోవడంతో కథ మొదలై, గ్రంథి క్రమంగా అలసిపోతుంది. కాబట్టి "మానేసింది" అనే ముందు ఆయనది ఏ రకమో నిర్ణయించుకో.

మూడో పుటలోని ఆ వాక్యం కొట్టేసెయ్. దాని స్థానంలో మరో అవయవం వెతకనక్కరలేదు. ఫోను పెట్టేశాక కొడుకు చెప్పుల కోసం గది అంతా తిరిగాడని, చివరికి అవి కాళ్ళకే ఉన్నాయని తరువాతి వాక్యంలో నువ్వే రాశావు, అది చాలు. ఏడో పుటలో కొడుకు వార్డులోకి అడుగుపెట్టేటప్పటికి తండ్రి వెల్లకిలా పడుకుని పైకప్పు చూస్తున్నాడని ఉంది. ఆ స్థితిలో ఆయన అలా పడుకోలేడు. మంచం అంచున కూర్చుని, ఒళ్ళో తలగడ పెట్టుకుని, దాని మీదికి వంగి ఉంటాడు. కొడుక్కి ముందుగా కనిపించేది తండ్రి ముఖం కాదు, వంగిన వీపు. అక్కడి నుంచి ఆ పుట మళ్ళీ రాసి పంపు.

నీ మేలు కోరే,
ఒక పెద్ద