ఆస్పరాగస్ మడి వేసేముందు

చిరంజీవి స్వాతికి పెద్దమ్మ ఆశీస్సులు.

పెరట్లో ఆస్పరాగస్, అదే నేలలోంచి వచ్చే లేత పిలకల్ని కోసి వండుకునే కూరమొక్క, వేస్తానన్నావుగా, ముందు చోటు తేల్చుకో. ఒకసారి నాటితే పదిహేనేళ్లకు పైగా అక్కడే కాస్తుంది, మధ్యలో పీకి మారిస్తే ఓర్చుకోదు. ఎండ బాగా పడాలి, వాన నీళ్లు నిలవకూడదు. నిలిస్తే వేరు దుబ్బు కుళ్లుతుంది. మట్టి పరీక్ష చేయించు. పీహెచ్, అంటే మట్టి పులుపు చెప్పే లెక్క, 6.5కి తగ్గితే నాటడానికి ముందటి ఫాల్‌లోనే, ఆకులు రాలే కాలంలో, సున్నం కలుపు. గడ్డివేళ్లు ఒక్కటీ మిగలకుండా ఏరెయ్యి, తర్వాత ఆ మడిలో లోతుగా పార వెయ్యడానికి ఉండదు.

గింజలు వద్దు, ఏడాది వయసున్న వేరు దుబ్బులు కొను. నర్సరీల్లో క్రౌన్‌లంటారు. జెర్సీ నైట్, జెర్సీ జెయింట్ రకాలు మీ న్యూజెర్సీలో రట్గర్స్ యూనివర్సిటీ వాళ్లు తీసినవే, దాదాపు అన్నీ మగ మొక్కలు. ఆడ మొక్కలైతే ఎర్రని పండ్లు కాసి బలమంతా వాటికే పెడతాయి, ఆ గింజలు రాలి మడి నిండా మొలుస్తాయి. పైగా ఆ పండ్లు తింటే కడుపు పాడవుతుంది, పిల్లల్ని కనిపెట్టుకో.

ఏప్రిల్‌లో నేల వేడి 50 డిగ్రీల ఫారెన్‌హీట్ చేరాక అడుగు వెడల్పు, 6 నుంచి 8 అంగుళాల లోతు కాలువ తవ్వు. అడుగున కంపోస్టు వేసి, మధ్యలో చిన్న గట్టు కట్టి, దుబ్బును దానిమీద కూర్చోబెట్టి వేళ్లు రెండు పక్కలకీ పరుచు. మొగ్గలు పైకి ఉండాలి. దుబ్బుకీ దుబ్బుకీ అడుగున్నర, వరుసల మధ్య నాలుగైదు అడుగులు ఎడం. పైన 2 అంగుళాల మట్టి చాలు. మొలకలు ఎదిగేకొద్దీ కాస్త కాస్తగా మట్టి వేస్తూ వేసవి చివరికి కాలువ పూడ్చు. ఒక్కసారే పూడ్చేస్తే లేత మొలకలు పైకి రాలేవు.

అసలు ఓపిక పట్టాల్సింది ఇక్కడే. మొదటి ఏడాది ఒక్క పిలక కూడా కొయ్యకు. పిలకలు విచ్చుకుని సన్నాకుల పొదలై, ఎండను తిని, వేళ్లలో బలం దాస్తాయి. వచ్చే వసంతంలో నువ్వు కోసేది ఆ దాచిందే. రెండో ఏడాది మహా అయితే రెండు వారాలు, మూడో ఏడాది నాలుగు వారాలు, ఆ తర్వాత ఆరు నుంచి ఎనిమిది వారాలు కోసుకో. వారాల లెక్క పూర్తికాకపోయినా, వచ్చేవన్నీ పెన్సిల్ కన్నా సన్నబడితే ఆ ఏటికి ఆపెయ్యి. మన ఊళ్లో పిల్లితేగలు దీని చుట్టమే, వాటి దుంపలు తవ్వుకుంటాం. దీని వేరు మాత్రం ముట్టకూడదు.

పిలక 7, 8 అంగుళాలు పెరిగి, కొన గట్టిగా ముడుచుకుని ఉండగానే వంచి తుంచు. కత్తి లోపలికి దించితే పక్క మొగ్గ తెగుతుంది. వెచ్చని రోజుల్లో ఒక్కరోజు ఆగినా కొన విచ్చి పీచు పడుతుంది. పిలకల మీద నల్లటి చిన్న గుడ్లు నిలబెట్టినట్టు కనిపిస్తే అవి ఆస్పరాగస్ పెంకుపురుగువి, తుడిచెయ్యి. పురుగుల్ని సబ్బునీళ్లలో వెయ్యి.

పొద పచ్చగా ఉండగా కొయ్యకు. చలికి పూర్తిగా ఎండాక నేలమట్టంగా కోసి అక్కణ్నుంచి తీసెయ్యి, పురుగు ఆ చెత్తలోనే చలికాలం దాక్కుంటుంది. కలుపు చావడానికి ఉప్పు చల్లమని ఎవరైనా చెబితే వినకు, మట్టి పాడవుతుంది. చేత్తోనే పీకు.

కోసినవి అదే రోజు వండుకో. కుదరకపోతే గ్లాసులో అంగుళం నీళ్లు పోసి నిలబెట్టి ఫ్రిజ్‌లో పెట్టు.

ఇట్లు,
పెద్దమ్మ