పెద్దవాళ్లకి ఐక్యూ పరీక్ష ఎలా చేస్తారు? ఫోన్‌లో వచ్చిన 82ని నమ్మొచ్చా?

మీ అన్నయ్యకి ఫోన్‌లో ఏదో ఐక్యూ టెస్ట్ చేస్తే 82 వచ్చిందని టెన్షన్ పడుతున్నారు. ముందు ఆ అంకెని పక్కన పెట్టేయండి. మా తమ్ముడు బండి మీంచి పడి తలకి దెబ్బ తగిలాక డాక్టరు చెబితే శ్రీకాకుళం నుంచి విశాఖ తీసుకెళ్లి క్లినికల్ సైకాలజిస్టు దగ్గర అసలు పరీక్ష చేయించాం, అందుకే ఇంత గట్టిగా చెప్తున్నా.

వాడికి చేసింది వెక్స్‌లర్ పరీక్ష, వేయిస్ అంటారు. డేవిడ్ వెక్స్‌లర్ 1939లో పెద్దవాళ్ల కోసం తెచ్చిన పరీక్షే దీనికి మూలం. 2008 నాటి నాలుగో ఎడిషన్‌లో 10 ముఖ్య భాగాలుంటాయి, గంట, గంటన్నర పడుతుంది. సైకాలజిస్టు ఎదురుగా కూర్చుని ఒక్కరికే చేస్తారు: మాటలకి అర్థాలు, రెండు మాటలకి మధ్య ఉన్న పోలిక, ఎరుపు తెలుపు దిమ్మల్ని బొమ్మలో ఉన్నట్టు పేర్చడం, విన్న అంకెల్ని వెనక నుంచి చెప్పడం, టైము పెట్టి గుర్తులు రాయించడం, ఇలా. సూచనలు ఎవరికైనా అవే మాటల్లో చెప్తారు. వచ్చిన మార్కుల్ని ఆ వయసు వాళ్ల మార్కులతోనే పోలుస్తారు. సగటు 100, నూటికి 68 మంది దాకా 85, 115 మధ్యలోనే ఉంటారు.

కానీ మాకు పనికొచ్చింది మొత్తం అంకె కాదు. మాటలు, ఆలోచన భాగాల్లో వాడు బాగానే చేశాడు, వేగం చూసే భాగంలో మాత్రం బాగా పడిపోయాడు. చుట్టాలంతా బద్ధకం అంటున్నది దెబ్బ వల్ల వచ్చిన నెమ్మదితనం అని సైకాలజిస్టు కాగితం మీద చూపించి చెప్పారు, అది విన్నాక మా అమ్మ ఏడ్చేసింది.

భాష సంగతి తప్పకుండా అడగండి. తెలుగు మీడియంలో చదివిన మనిషిని ఇంగ్లీషులో పదాల అర్థాలు అడిగితే మార్కులు తగ్గేది ఇంగ్లీషు రాక, తెలివి లేక కాదు. మాటల మీద ఆధారపడని పరీక్షలూ ఉన్నాయి, 1938లో వచ్చిన రావెన్ మాట్రిసెస్, మన దేశంలోనే 1955లో తయారైన భాటియా బ్యాటరీ లాంటివి. ఏది సరిపోతుందో మనిషిని చూసి సైకాలజిస్టే తేలుస్తారు.

పరీక్షకి వేరే ఊరు వెళ్లాల్సి వస్తే, తెల్లవారుజామున రైలెక్కించి నేరుగా పరీక్షకి కూర్చోబెట్టకండి, ముందు రోజే వెళ్లి నిద్రపోనివ్వండి. కళ్లద్దాలు, వాడుతున్న మందుల చీటీ తీసుకెళ్లండి. సైకాలజిస్టుకి ఆర్‌సీఐ (రిహాబిలిటేషన్ కౌన్సిల్ ఆఫ్ ఇండియా) రిజిస్ట్రేషన్ ఉందో లేదో చూసుకోండి. ఇంతకుముందు ఎక్కడైనా చేయించి ఉంటే ఆ రిపోర్టు కూడా చూపించండి, ఎందుకంటే కొద్ది నెలల్లోనే మళ్లీ అదే పరీక్ష రాస్తే అలవాటు వల్ల మార్కులు పెరుగుతాయి.