పళ్లచక్రాల లోకానికి పంచాంగం

ప్రశ్న: నేను రాస్తున్న ఫాంటసీ నవలలో లోకమంతా ఒక పెద్ద గడియారం. ఏడాదికి 12 నెలలు, నెలకు 30 రోజులు పెట్టాను. చదివినవాళ్లు చప్పగా ఉందంటున్నారు. లోపం ఎక్కడుంది? (ఒక పాఠకురాలు, రాజమండ్రి)

జవాబు: మీ లెక్కలో శేషం లేదు, అదే లోపం. అన్నీ నిశ్శేషంగా తెగితే ఏటా పండగ అదే రోజు, అమావాస్య అదే తేదీ. ఎదురుచూడటానికి ఏమీ మిగలదు. నెలల పేర్లు తర్వాత చూసుకోవచ్చు, ముందు పళ్లు లెక్కపెట్టండి.

ఇలా కట్టి చూడండి. రోజుకొక చుట్టు తిరిగే ఇరుసు మీద 8 పళ్ల చిన్నచక్రం, దానికి ఆనించి 168 పళ్ల పెద్దచక్రం. పెద్దది 21 రోజులకొక చుట్టు తిరుగుతుంది. అదే నెల. ఆ పెద్దచక్రం ఇరుసు మీదే మరో 8 పళ్ల చక్రం, దానికి ఆనించి 136 పళ్లది: 17 నెలలకొక చుట్టు. అంటే ఏడాదికి 357 రోజులు. జతలు రెండే కాబట్టి ఏడాది ముల్లు రోజు ముల్లు వైపే తిరుగుతుంది. మూడో జత చేరిస్తే మాత్రం ఎదురు తిరుగుతుంది, డయల్ గీసేటప్పుడు చూసుకోండి.

ఇక చంద్రుడు. 53 పళ్ల బిళ్ల మీద ఎదురెదురుగా రెండు చంద్రబింబాలు గీసి, రోజుకొక పన్ను జరపండి. అర చుట్టుకు ఒక చాంద్రమాసం, 26.5 రోజులు. 53 ప్రధాన సంఖ్య, 357ను భాగించదు. క.సా.గు. తీస్తే 18,921 రోజులు వస్తుంది: సరిగ్గా 53 ఏళ్లు, 714 చాంద్రమాసాలు. ఏడాది తొలి క్షణమూ అమావాస్యా సరిగ్గా కలిసేది 53 ఏళ్లకు ఒక్కసారే! మీ కథకు కావలసిన పెద్ద పండగ అక్కడుంది. మన 60 ఏళ్ల చక్రంలోనూ ఇలాంటి కలయికే కనిపిస్తుంది: గురుడి చుట్టు సుమారు 12 ఏళ్లు, శనిది సుమారు 30.

నిజం గడియారాల్లోనూ ఇదే చిక్కు. చేతిగడియారాల్లో చంద్రబింబం బిళ్లకు సాధారణంగా 59 పళ్లుంటాయి, అంటే నెలకు 29.5 రోజులు. అసలు చాంద్రమాసం సగటు 29.53059 రోజులు. నెలకు 44 నిమిషాలు తేడా వచ్చి, రెండేళ్ల ఎనిమిది నెలలకల్లా ఒక రోజు తప్పుతుంది. అదనపు చక్రాలతో నడిచే 135 పళ్ల బిళ్ల ఉన్నవాటిలో ఆ ఒక్క రోజు తప్పడానికి 122 ఏళ్లు పడుతుంది. మీ లోకపు పంచాంగకర్తలు రెండు వర్గాలై వాదించుకోవడానికి ఇంతకన్నా కారణం అక్కర్లేదు.

ప్రశ్న: అధికమాసాన్ని చక్రాలతో చూపించవచ్చా? (ఒక పాఠకుడు, వరంగల్)

జవాబు: సగటున చూపించవచ్చు. గ్రీసులోని అంటికిథెరా దీవి దగ్గర మునిగిన ఓడలోంచి 1901లో బయటపడిన కంచు యంత్రం ఆ పని చేసింది. అది దాదాపు రెండు వేల ఏళ్ల నాటిది. 19 ఏళ్లకు 235 చాంద్రమాసాలు. ఏడాదికి 12 చొప్పున 228 పోగా మిగిలిన ఏడూ అధికమాసాలే. అందులో చంద్రుడిని నడిపే జతలు (తిప్పే చక్రం పళ్లు / తిరిగే చక్రం పళ్లు) 64/38, 48/24, 127/32. మూడింటినీ గుణిస్తే 254/19, అంటే 19 ఏళ్లలో నక్షత్రాల మధ్య చంద్రుడు తిరిగే చుట్లు 254. సూర్యుడి 19 చుట్లు తీసేస్తే 235 వస్తుంది. 127 కూడా ప్రధాన సంఖ్యే. దాన్ని తప్పించుకునే దారి లేక ఆ కంచుపనివాడు అన్ని పళ్లూ కోశాడు.

అయితే మన పంచాంగంలో అధికమాసం సగటును బట్టి రాదు. సంక్రమణం (సూర్యుడు రాశి మారడం) లేని చాంద్రమాసమే అధికం: 2023లో శ్రావణం, 2026లో జ్యేష్ఠం. చంద్రుడి వేగం మారుతూ ఉంటుంది కనుక ఒక తిథి 20 గంటలకే ముగియవచ్చు, మరొకటి 26 గంటలు సాగవచ్చు. ఆ యంత్రంలో దీనికీ ఏర్పాటుంది. రెండు చక్రాల ఇరుసులు కొద్దిగా పక్కకు జరిగి ఉంటాయి. ఒకదాని మేకు రెండోదాని గాడిలో జారుతూ దాన్ని ఒకసారి వేగంగా, ఒకసారి నెమ్మదిగా తిప్పుతుంది. ఈ మేకూ గాడీ మీ లోకంలోనూ పెట్టండి. చూడటానికి అంత అందమైన అమరిక మరొకటి లేదు.

ప్రశ్న: నా గడియార నగరంలో ఏది చెడిపోతే నమ్మేలా ఉంటుంది? (ఒక పాఠకుడు, హైదరాబాద్)

జవాబు: మొదటిది ఏడాది చివరి అర్ధరాత్రి. రోజు, నెల, ఏడాది బిళ్లలు మూడూ ఒకేసారి దూకాల్సింది ఆ క్షణంలోనే. స్ప్రింగు నీరసిస్తే గడియారం ఆగేది అక్కడే.

రెండోది పళ్ల మధ్య సందు. పై ఉదాహరణలో 136 పళ్ల చక్రానికి ఒక పన్ను అంటే 2.625 రోజులు. పావు పన్ను వదులున్నా ఏడాది ముల్లు దాదాపు 16 గంటలు అటూ ఇటూ ఊగుతుంది. అందుకే తేదీని ఆ ముల్లు దగ్గర చదవకూడదు, రోజు, నెల బిళ్లల దగ్గర చదవాలి.

మూడోది లీపు రోజు. మీ రుతువుల ఏడాది 357.19 రోజులనుకోండి. ఏటా ఒక పన్ను జరిగే అయిదు పళ్ల చక్రానికి ఒకచోట లోతైన గంటు పెడితే, లివరు అందులో పడి అయిదేళ్లకోసారి ఏడాది చక్రాన్ని ఒక రోజు ఆపుతుంది. ఊరికే పట్టి ఆపితే వెనక చక్రాల పళ్లు విరుగుతాయి, కాబట్టి మధ్యలో జారే పట్టు ఉండాలి. ఇలా చేసినా ఏటా 0.01 రోజు ఎక్కువ కలుస్తుంది, నూరేళ్లకు ఒక రోజు. ఆ ఒక్క ఏడు లివరును ఎవరో ఒకరు చేత్తో ఎత్తి పట్టుకోవాలి. నాలుగేళ్ల చక్రంతో నడిచే శాశ్వత క్యాలెండరు గడియారాలకూ ఇదే గతి: 2100 లీపు ఏడు కాదని వాటికి తెలియదు, ఆ ఏడు ఫిబ్రవరి 28 తర్వాత మనిషే ముందుకు జరపాలి.