అట్రాసిటీ కేసు కొట్టేశారు, అప్పీలుకు వెళ్లే హక్కు మాకు ఉందా?

ప్రశ్న: మాది ఆంధ్రప్రదేశ్‌లోని ఒక పల్లె. 2022లో మా నాన్నగారు బోరింగు దగ్గర నీళ్లు పట్టుకుంటుంటే ఊళ్లోని ఇద్దరు వచ్చి కులం పేరుతో తిట్టి, బిందె తన్ని, చేయి చేసుకున్నారు. మర్నాడు ఫిర్యాదు ఇచ్చాం. గత నెల ప్రత్యేక కోర్టు ఇద్దరినీ నిర్దోషులని విడిచిపెట్టింది. ఇద్దరు సాక్షులు ఎదురు తిరిగారని, ఫిర్యాదు ఆలస్యమైందని, తిట్టింది పదిమంది ఎదుట అని రుజువు కాలేదని తీర్పులో ఉందట. అప్పీలుకు వెళ్లినా లాభం లేదని పబ్లిక్ ప్రాసిక్యూటర్ గారు అంటున్నారు. ప్రభుత్వం వెళ్లకపోతే మేము వెళ్లవచ్చా? తప్పుడు కేసు పెట్టామని వాళ్లు మాపై ఎదురు కేసు వేస్తారా?

జవాబు: వెళ్లవచ్చు. అయితే మీ ఉత్తరంలో నన్ను కలవరపెట్టిన మాట ఒకటుంది. తీర్పులో ఇలా 'ఉందట' అని రాశారు, అంటే తీర్పు ప్రతి ఇంకా మీ చేతికి రాలేదన్నమాట. ముందు కోర్టులో కాపీ అప్లికేషన్ పెట్టి తీర్పుతో పాటు సాక్షులందరి వాంగ్మూలాల సర్టిఫైడ్ కాపీలు తీసుకోండి. ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టానికి 2016 జనవరి 26 నుంచి అమల్లోకి వచ్చిన సవరణ 14ఏ సెక్షన్‌ను చేర్చింది. దాని ప్రకారం ప్రత్యేక కోర్టు తీర్పుపై వాస్తవాల మీదా, చట్టం మీదా హైకోర్టుకు 90 రోజుల్లోగా అప్పీలు చేసుకోవాలి. తగిన కారణం చూపితే ఆ తర్వాత కూడా తీసుకుంటారు కానీ 180 రోజులు దాటితే తీసుకోరాదని ఆ సెక్షనే అంటుంది. ఈ 180 రోజుల హద్దును అలహాబాద్ హైకోర్టు ఫుల్ బెంచి 2018లో కొట్టివేసిన మాట నిజమే అయినా, దాన్ని నమ్ముకుని మీరు ఒక్క రోజు కూడా ఆలస్యం చేయవద్దు.

ప్రభుత్వం అప్పీలుకు వెళ్లకపోయినా బాధితునికి సొంతంగా వెళ్లే హక్కు ఉంది. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లో 372వ సెక్షన్ కింద ఉన్న ఈ హక్కు ఇప్పుడు భారతీయ నాగరిక సురక్షా సంహితలో 413వ సెక్షన్ కింద ఉంది. బాధితుడు ఇందుకు హైకోర్టు ముందస్తు అనుమతి తీసుకోనక్కరలేదని మల్లికార్జున్ కోడగలి కేసులో 2018లో సుప్రీంకోర్టు తేల్చింది. ఎవరైనా 'రివిజన్ (కింది కోర్టు తీర్పు సరైనదేనా అని పైకోర్టు పరిమితంగా చూసే పిటిషన్) వేద్దాం, ఖర్చు తక్కువ' అంటే ఒప్పుకోకండి. రివిజన్‌లో హైకోర్టు నిర్దోషిత్వాన్ని శిక్షగా మార్చలేదు, మహా అయితే కేసును మళ్లీ విచారించమని కింది కోర్టుకు పంపగలదు.

ఇక లాభం ఉందా అన్న ప్రశ్న. నిర్దోషి అని తీర్పు వచ్చాక నిందితుడికి రెండింతల రక్షణ ఉంటుంది. నేరం రుజువయ్యేదాకా నిర్దోషి అనే సూత్రం ఎలాగూ ఉంది, దానికి కింది కోర్టు తీర్పు బలం కూడా తోడవుతుంది. సాక్ష్యాన్ని మొత్తం తిరిగి పరిశీలించే అధికారం హైకోర్టుకు పూర్తిగా ఉన్నా, రెండు అభిప్రాయాలకు తావున్నచోట కింది కోర్టు తీసుకున్న అభిప్రాయాన్ని మార్చకూడదని చంద్రప్ప కేసులో 2007లో సుప్రీంకోర్టు చెప్పింది. కనుక 'మాకు అన్యాయం జరిగింది' అని ఎంత ఆవేదనతో చెప్పుకున్నా అప్పీలు నిలవదు. రికార్డులో ఉన్న ఏ సాక్ష్యాన్ని జడ్జిగారు చూడకుండా వదిలేశారో వేలు పెట్టి చూపించాలి.

మీ కేసులో అలాంటిది ఉండే అవకాశం కనిపిస్తోంది. ఎదురు తిరిగిన ఆ ఇద్దరూ కోర్టులో సరిగ్గా ఏమన్నారో చదవండి. పల్లెల్లో ఇలాంటి సాక్షులు తరచూ 'గొడవ జరిగింది, నేనక్కడే ఉన్నాను, కులం మాట మాత్రం వినలేదు' అంటారు. ఆ మనిషి రేపూ అదే వీధిలో బతకాలి, భయపడడంలో వింత లేదు. అయితే సాక్షి ఎదురు తిరిగినంత మాత్రాన అతని సాక్ష్యం మొత్తం తుడిచిపెట్టుకుపోదు, అందులో నమ్మదగిన భాగాన్ని కోర్టు తీసుకోవచ్చు. అతను అక్కడ ఉన్నానని ఒప్పుకున్నాడంటే బోరింగు దగ్గర బయటివాళ్లు ఉన్నారని అతని నోటితోనే తేలినట్టు. అలాంటప్పుడు పదిమంది ఎదుట అని రుజువు కాలేదన్న కారణం ఎలా నిలుస్తుంది? దర్యాప్తు చేసిన డీఎస్పీ ఘటనా స్థలానికి గీసిన రఫ్ స్కెచ్‌ కూడా తెప్పించండి. బోరింగు వీధి అంచున ఉన్నట్టు అందులో గుర్తించి ఉంటే అది మీకు చాలా విలువైన కాగితం. చట్టం కోరేది బహిరంగ స్థలం కాదు, జనం చూడగలిగే చోటు. ఇంటి ముందు ఖాళీ స్థలమైనా రోడ్డు మీదివాళ్లకు కనిపిస్తే ఆ చోటు కిందికే వస్తుందని సుప్రీంకోర్టు 2020లో హితేష్ వర్మ కేసులో కూడా గుర్తుచేసింది. మీ నాన్నగారి సాక్ష్యం నిలకడగా ఉంటే దానిమీదే శిక్ష వేయవచ్చు, ఇంతమంది సాక్షులు ఉండాలన్న నియమం లేదు.

ఒక్క రోజు ఆలస్యం పెద్ద లోపం కాదు, కారణం చెబితే చాలు. నిజమైన ఇబ్బంది వేరేచోట ఉండవచ్చు. కులం పేరుతో తిట్టారన్న మాట మొదటి ఫిర్యాదులో లేకుండా కోర్టులోనే తొలిసారి వచ్చి ఉంటే అట్రాసిటీ సెక్షన్ల కింద గెలవడం చాలా కష్టమని ముందే చెబుతున్నాను. అప్పుడు కూడా చేయి చేసుకున్న నేరం విడిగా మిగులుతుంది. దానిపై అభియోగం మోపి ఉంటే అప్పీలులో తప్పకుండా అడగాలి.

ఎదురు కేసు గురించి భయపడకండి. రుజువు చాలలేదని, సంశయ లాభం ఇచ్చి వదిలేయడం వేరు, ఫిర్యాదు అబద్ధమని తేల్చడం వేరు. దురుద్దేశంతో, ఆధారం లేకుండా కేసు పెట్టారని వాళ్లే నిరూపించుకోవాలి. నిర్దోషిగా బయటపడినంత మాత్రాన అది రుజువైపోదు.

ఖర్చు విషయానికొస్తే, 1987 నాటి న్యాయ సేవల అధికార సంస్థల చట్టం ప్రకారం ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయ సహాయం అందుతుంది. ఎఫ్ఐఆర్, ఛార్జిషీటు, స్కెచ్, వాంగ్మూలాలు, తీర్పు, మీ నాన్నగారి కుల ధ్రువీకరణ పత్రం తీసుకుని అమరావతిలోని హైకోర్టు న్యాయ సేవల కమిటీకి దరఖాస్తు చేయండి. గత నెల తీర్పు వచ్చిన తేదీ నుంచి 90 రోజులు లెక్కవేసి ఆ చివరి తేదీని దరఖాస్తు మొదట్లోనే రాయండి.